కత్తిరించిన విందులో నాలుగు మీటర్లు

త్బిలిసి, 1985 నవంబరు

చిత్రాల పరిశీలన శాఖాధ్యక్షుల వారి సముఖమునకు,

అయ్యా,

విషయం: పెళ్లి విందు దృశ్యం నుండి తొలగించిన ఫిల్ములో నాలుగు మీటర్లను, పూతలోని వెండి కడిగి తీయుటకు పంపక, నాకు ఇప్పించుట గురించి.

ప్రభుత్వ స్టూడియోలో ముప్పైయొక్క సంవత్సరములుగా ఎడిటరుగా పనిచేయుచున్న ఎతేరి లోమిద్జే విన్నవించుకొనునది:

1. మద్యపాన వ్యతిరేక ఉత్తర్వు ప్రకారం తెరమీద ఎవరూ తాగరాదని తమరు సెలవిచ్చితిరి. పద్దెనిమిది నిమిషాల విందు నాలుగు నిమిషాలైనది. అతిథులు లేతురు, కూర్చుందురు, మరల లేతురు. ఎందుకో వారికే తెలియదు.

2. తమ తనిఖీదారు అది చూసి, "ఏంటమ్మా ఇది? పెళ్లికొచ్చారా, కసరత్తుకొచ్చారా?" అని నన్నే నిలదీసిరి. "తాగనివ్వండి, కుదురుగా కూర్చుంటారు" అంటిని. దురుసు ప్రవర్తన అని నా మీద రాసిరి. కొట్టేదీ వారే, ఏడవొద్దనేదీ వారే!

3. పోయినవారిని తలచుకునే మాటలు ఉంచి, ఆ తర్వాతి గుక్క తీసేయమనిరి. అయ్యా, తమరూ జార్జియా బిడ్డలే. చనిపోయినవారి పేర ద్రాక్షసారా నింపిన ఎద్దుకొమ్ము ఎత్తి, తాగకుండా దింపినవాణ్ణి మళ్లీ మీ గడప తొక్కనిస్తారా?

4. ఆ విందులో కొమ్ము ఎత్తినది నటుడు కాదు. స్టూడియోలో లైట్లు పెట్టే గురామ్, నా భర్త. ఆ రోజు నటుడు రాకపోతే డైరెక్టరు ఆయన్ను లాక్కెళ్లి బల్ల దగ్గర నిలబెట్టారు. "ఎతేరీ, నా మొహం మాత్రం కత్తిరించకే" అని నవ్వాడు. మే నెలలో గుండె ఆగి పోయాడు. ఊళ్లోవాళ్ల మొహాలన్నీ అతికించిన నాకు, నా మనిషి కదిలే బొమ్మ ఆ నాలుగు మీటర్లే, తొమ్మిది సెకన్లే. వాటిని నా చేత్తో నేనే కోశాను. శుక్రవారం తుక్కుతో పాటు కడిగేస్తారట. అందులో ఎంత వెండి వస్తుందండీ? నా చెవిపోగులు తీసుకోండి.

కావున నా గోడు చిత్తగించి, ఆ ముక్కను దయచేయించవలెను.

తమ విధేయురాలు,
ఎతేరి లోమిద్జే

తా.క.: అర్జీ పట్టుకెళ్తే మీ గుమాస్తా "సోమవారం రండి" అన్నాడు. శుక్రవారం కడిగేదానికి సోమవారం అర్జీ ఏమిటి, నా తలకాయ! ముక్క నేనే తెచ్చేసుకున్నాను. బదులుగా మద్యపానం మీద తమరిచ్చిన ఉపన్యాసం ఫిల్ములోంచి నాలుగు మీటర్లు కోసి తుక్కు సంచిలో వేశాను, తూకం సరిపోయింది. కిటికీ వెలుగులో ఒక్కొక్క బొమ్మే చూశాను. గురామ్ కొమ్ము దించలేదు. ఆఖరి బొట్టు దాకా తాగాడు.