పిడికిట్లో తాళంచెవులు

కర్నూలు, 1957. ఎండాకాలం, బేస్తవారం రాత్రి.

నందికొట్కూరు నుంచి వచ్చిన ఒకామె పొద్దున మా ఆస్పత్రి వార్డులో, మూర్ఛ వచ్చిన తన బిడ్డ చేతిలో తాళంచెవుల గుత్తి పెడతాంటే కసిరినాను. "ఇనుముతో పోయే జబ్బు కాదమ్మా, ఇది మెదడులోది" అన్నాను. డాక్టరుగా ఇన్నేండ్లు మెదడు కోసి చూస్తా, దాని మీదే పరిశోధన చేస్తాండా కదా!

మధ్యాహ్నం అదే వార్డులో, అందరి ముందర, నేనే పడిపోయినాను. చిన్నప్పటి నుంచి దాచుకున్న మూర్ఛ. కండ్లు తెరిస్తే ఆమె గుత్తి నా పిడికిట్లో ఉండాది. "బయపడొద్దు తల్లీ, పోయింది" అంటా నా నోరు తుడుస్తాండాది. ఆమె వెనక పెద్ద డాక్టరు నిలబడి చూస్తాండాడు. "రేపు నా గదికి రామ్మా" అన్నాడు, అంతే.

మూర్ఛ ఉండే ఆడదాని చేతికి మెదడు కోసే కత్తి ఎవరిస్తారు? ఈ పని పోతే నేను యాడికి పోవల్ల, ఏం చేయల్ల?

గుత్తి ఆమెకు తిరిగి ఇయ్యలేదు. ఎడమ చేతిలో గట్టిగా పట్టుకొనే ఇది రాస్తాండా.