జైలు గేటు దాటేశాడు అవ్వా

అవ్వా,

ఇవాళ ఆ జైలు నుంచి బయటపడ్డాను. మన టీవీలో నేనాడే గేమ్‌లోని జైలే. దయ్యం జైలరు, చీకటి వరండాలు, పారిపోవాలని చూసే ఆ ఖైదీ పిల్లాడు, అన్నీ అలాగే ఉన్నాయి.

చింతామణి సంతకు అనపకాయలు మళ్ళీ వచ్చాయి. పోయినేడు ఈ కాలంలో నువ్వు నా పక్కన కూర్చుని, నానబెట్టిన అనపగింజలు పొట్టు ఊడేలా పితుకుతూ ఆట చూసేదానివి. జైలరు కనబడితే నీ చేతిలో గింజ ఎగిరి టీవీకి తగిలేది. “ఆ పిల్లోడు ఏమన్నా తిన్నాడా? వట్టి కడుపుతో ఉరికిస్తాండావు” అని నన్నే తిట్టేదానివి.

ఒకసారి గేటు దాకా వచ్చి, వాడి తరఫున నేను గొప్పగా “పోయొస్తా” అన్నాను. అంతలోనే జైలరు పట్టేసుకున్నాడు. నీకు కోపమొచ్చింది.

“జైలు నుంచి వచ్చేటప్పుడు యాడన్నా పోయొస్తా అంటారాప్పా? మళ్ళా రావాలని ఉండే చోటనే అనాల.”

ఇవాళ గేటు దగ్గర నోరు మూసుకున్నాను. వాడు వెనక్కి చూడకుండా ఎండలోకి నడిచి వెళ్ళిపోయాడు. వంటింట్లోంచి అమ్మ తొంగి చూసి, “గెలిస్తివా?” అంది. తలూపాను. నీ చోటు వైపు చూసి, మళ్ళీ లోపలికి వెళ్ళింది.

చిక్కబళ్ళాపుర ఆసుపత్రికి నిన్ను తీసుకుపోయిన రోజు, మన గడప దాటుతూ నువ్వు నా చెయ్యి పట్టుకుని “పోయొస్తానప్పా” అన్నావు. తిరిగి రాలేదు. అయినా అవ్వా, అనాల్సిన చోటే అన్నావు.