వాలని పిట్ట

జూన్ 4
కుట్టు మెషిన్ పక్కన టప్పుమని ఏదో పడింది. చూస్తే నల్లటి పిట్ట. రెక్కలు ఒంటికన్నా పొడుగు, కాళ్లు మాత్రం ఉన్నాయా అంటే ఉన్నాయి. రెండూ విరిగాయనుకున్నాను. అగ్గిపుల్లలు ఆనించి, దారం చుట్టి కట్టు కట్టాను. చొక్కాకి కాజా కుట్టినంత నీట్‌గా వచ్చింది. మా ఆయన చూసి, ఇది తెల్లారేదాకా ఉండదన్నాడు. ఎందుకుండదో నేనూ చూస్తాను.

జూన్ 5
అన్నం తినదు. బ్రెడ్ తినదు. పుల్ల మీద కూర్చోబెడితే జారి పడుతుంది. మళ్లీ కూర్చోబెడతాను, మళ్లీ పడుతుంది. ఈ కోడలు తాను పట్టిన కుందేటికి మూడే కాళ్లంటుందని అత్తయ్య నాతో మాట్లాడటం మానేసి నా మెషిన్‌తో చెబుతున్నారు.

జూన్ 6, మధ్యాహ్నం
పశువుల డాక్టరు దగ్గరికి తీసుకెళ్లాను. కట్టు చూసి నవ్వాపుకోలేక కళ్లజోడు తుడుచుకున్నాడు. కాళ్లు విరగలేదట. ఆ పిట్టకి కాళ్లు అంతేనట. కొమ్మ మీద వాలదు, నేల మీద నడవదు, గోడని గోళ్లతో పట్టుకుని వేలాడటమే తెలుసట. తిండి కూడా గాల్లోనే, ఎగిరే పురుగులు. అంటే బాగున్న కాళ్లని కట్టేసి, ఆకలితో మాడ్చాను. సిగ్గుతో చచ్చిపోయాను.
ఎగురుతుందా అని అడిగాను. ఒంట్లో బలం వస్తేనేనట, లేకపోతే బతకదట. విసరకూడదు, అరచేతిలో ఎత్తుగా పట్టుకుంటే వెళ్లాలనిపించినప్పుడు అదే వెళుతుందన్నాడు.
బలం వస్తుంది. రప్పిస్తాను.

జూన్ 7
ఈగలు.

జూన్ 9
మళ్లీ ఈగలు. నోరు తెరవదు, ముక్కు మెల్లగా విప్పి పెట్టాలి. డెలివరీ ఇవ్వాల్సిన ప్యాంట్లు ముట్టుకోలేదు. జీవహింస చేయిస్తున్నావని తిడుతూనే అత్తయ్య వంటింట్లో గ్లాసు బోర్లించి ఈగలు పడుతున్నారు.

జూన్ 14, ఉదయం
మేడ మీద అరచెయ్యి పైకెత్తి నిలబడ్డాను. కదల్లేదు. చెయ్యి లాగేసింది. దానికే ఎగరాలని లేదేమో అన్నాడు మా ఆయన. రేపు రెండో చెయ్యి ఉంది.

జూన్ 15, ఉదయం
మేడ మీద అరచేతిలో పిట్ట ఒళ్లంతా వణకడం మొదలుపెట్టింది. భయమేసి కిందికి దించబోతే, అత్తయ్య నా మోచెయ్యి పట్టుకుని ఉండమన్నారు. అంతలో అది మేడ అంచు దాటి రాయిలా కిందికి పడింది. నా ప్రాణం పోయింది. కింది అంతస్తు కిటికీ దగ్గర రెక్కలు విచ్చుకుంది. ఎదురింటి వాటర్ ట్యాంకు మీదుగా పైకి, ఇంకా పైకి. ఏడ్చేశాను. వెంటనే వెళ్లి ప్యాంట్లు కుట్టాను.

జూన్ 16
కుండపోత వాన. ఉండబట్టలేక డాక్టరుకి ఫోన్ చేశాను, ఇంత వానలో ఎక్కడ పడుకుంటుందని. ఆ జాతి నిద్రకి కూడా కిందికి రాదట. ఎగురుతూనే పడుకుంటుందట.
అత్తయ్యకి చెప్పాను. నమ్మలేదు. మేడ మీద లైటు వేసి వచ్చారు.