ఆఖరికి ఎంతవుద్ది?

అమ్మా, నా రాత వంకరే, తప్పులూ ఉంటాయి, చెల్లి సర్దుకుని చదివి పెడుతుందిలే. మేము బాగున్నాం. ఇంటి అప్పు కోసం నిన్న బ్యాంకుకి వెళ్లాం. ఇరవై లక్షలకి నెలకి పదిహేడు వేల చిల్లర కట్టాలన్నారు. “కట్టేద్దాం, ఇంకేటి బెంగ?” అని మీ అల్లుడు సంతకానికి పెన్ను తీశారు. నువ్వు జెట్టీలో ఆఖరి ధర తేలందే చేపల గంప ముట్టవు కదా. నేనూ ఆయన వెనక నిలబడే, “ఆకరికి మొత్తం ఎంతవుద్దండీ?” అని అడిగేశాను. ఇరవై ఏళ్లకి నలభై ఒకటిన్నర లక్షలట! “ఓర్నాయనో, ఒక ఇంటికి రెండిళ్ల డబ్బులా!” అన్నారు ఆయన. పద్నాలుగు లక్షలే తీసుకుంటే అదే వాయిదాతో పదేళ్లకే తీరిపోతుందట, మొత్తం ఇరవై ఒకటి కూడా దాటదట. అందుకే కూర్మన్నపాలెంలో చిన్న ఇల్లే ఖాయం చేశాం. దారంతా నన్ను “మేనేజరుగారూ” అని ఏడిపించారు.

నెత్తళ్ల చేపలు ఎండబెట్టి పంపు. నాన్న మోకాలి నొప్పి తగ్గిందా? నాన్నకి దండాలు, చెల్లికి ముద్దులు. అప్పు లెక్క తన కొడుకే తేల్చాడని మా అత్త వీధంతా చెప్పుకుని మురిసిపోతోంది. అలాగే మురవనీ. చదివాక ఈ కార్డు పొయ్యిలో పడేయమ్మా.

నీ సూర్యకళ