రొట్టెల పొయ్యిలో మార్చి సంచిక

షుబ్రా, కైరో
9 నవంబర్ 1988, బుధవారం

ప్రభువునందు ప్రియ సోదరుడు యస్సాకు రమ్జీ రాయునది. నీకూ, నీ భార్య ఇన్సాఫ్‌కూ శాంతి కలుగుగాక. ఇక్కడ ఆయన దయవల్ల అందరం కులాసా. మినియాలో మీరూ అలాగే ఉన్నారని తలుస్తాను.

ముప్ఫై నాలుగేళ్ల తర్వాత ఈ దస్తూరీ చూసి చింపేయాలనిపిస్తే, చివరిదాకా చదివి అప్పుడు చింపు. అక్షరాలు వంకరగా ఉన్నాయని ఎగతాళి చెయ్యకు.

మన ‘బాకూర’ పత్రికకు నలభై ఏళ్లు నిండాయి. సండే స్కూలు కుర్రాళ్లు దాని చరిత్ర రాసే పని నా మెడకు చుట్టారు. పాతవాళ్లలో కళ్లద్దాలు పెట్టుకునైనా చదవగలిగేది నేనొక్కణ్ణేనట. చర్చి గురువులు చదువుకోవాలి, గురువును ఎంచుకోవడంలో సంఘానికీ మాట ఉండాలి అని మనం గొంతు చించుకున్న ఆ సంచికలన్నీ మళ్లీ చదివాను. అన్నీ ఉన్నాయి, 1954 మార్చి ఒక్కటి తప్ప. ఆ కథ ఇక్కడ అందరికీ తెలిసిందే కదా. ఎడిటర్ యస్సాకు కోపమొచ్చింది, సంచిక బయటికి రానివ్వలేదు, రాజీనామా పడేసి రైలెక్కాడు. నేనూ అదే రాశాను: “సంపాదకుని అలక కారణంగా ఆ నెల పత్రిక వెలువడలేదు.”

పోయిన గురువారం చరిత్రలో వెయ్యడానికి పాత ఫొటో ఏదైనా దొరుకుతుందేమోనని చర్చి వెనక రొట్టెల గదికి వెళ్లాను. బషందీ ఇంకా అక్కడే ఉన్నాడు, ఇప్పటికీ ఆదివారం బలిపీఠం మీదికి వెళ్లే రొట్టెలు అతని చేతివే. పిండి పిసికేటప్పుడు కీర్తన పూర్తయ్యేదాకా మాట్లాడడు, నీకు తెలుసుగా. ఊరికే నిలబడలేక గోడలు చూస్తున్నాను. పిండి బల్ల వెనక మరియమ్మ బొమ్మ ఒకటి, మసి పట్టి ఉంది. బొమ్మ కింద అక్షరాలు కనిపించాయి. బాకూర. ఆరో సంపుటి. మార్చి 1954. యస్సా, వెలువడలేదని నేను రాసిన సంచిక!

కీర్తన ముగించి, నన్నింకా బడి పంతులుగానే పిలుస్తూ బషందీ అన్నాడు: “అదా ఉస్తాజ్! లేఖన వాక్యమేదో తప్పు పడిందని ఓ శనివారం కట్టలకు కట్టలు పొయ్యిలో వెయ్యమన్నారు. దేవుడి పేరున్న కాగితం పల్లీల కొట్టుకు వెయ్యకూడదు కదండీ, ఈ పొయ్యిలోనే కాలాలి. వేసేశాను. అమ్మ బొమ్మని ఎలా కాల్చనండీ? ఒకటి గోడకి అంటించుకున్నా.”

అన్నిటి మీదా అదే బొమ్మ ఉంటుంది కదయ్యా అన్నాను.

“ఉంటుంది. అందుకే మిగతా కట్టలు విప్పలేదు. చూడకపోతే పాపం తగలదని!”

ఆ మంట మీద కాల్చిన రొట్టే మర్నాడు మనమంతా చేతులు కట్టుకుని నోట పుచ్చుకున్నాం. గోడ మీది సంచికను తడిగుడ్డతో ఊడదీసి, అక్కడే పిండి బస్తా మీద కూర్చుని చదివాను.

గురువు ఎన్నిక కోసం మనం రాసుకున్న వినతిపత్రం సంతకాలు పూర్తికాకముందే బిషప్‌గారి కార్యాలయానికి చేరడం, మనలో ఏడుగురిని సండే స్కూలు నుంచి తీసెయ్యడం, ద్రోహి ఎవరంటూ ఒకరి మొహాలు ఒకరం చూసుకోవడం నువ్వు మర్చిపోయి ఉండవు. నీ సంపాదకీయంలో మొదటి వాక్యమే ఇది: “ఆ పత్రాన్ని కార్యాలయానికి చేర్చింది నేనే. నన్నొక్కణ్ణే శిక్షించి, మిగతావారిని పిల్లల దగ్గరికి పంపండి.”

పచ్చి అబద్ధం! ఆ రోజు పొద్దస్తమానం నువ్వు ఫగ్గాలాలో ప్రెస్సులో ప్రూఫులు దిద్దుతున్నావు. ఎందుకు రాశావురా? కట్టలేవని కమిటీ నిలదీసినప్పుడు నోరు తెరిస్తే నీ సొమ్మేం పోయేది? నీది పొగరనుకున్నాం. నలుగురిలో గట్టిగా ఆ మాట అన్నది నేనే.

ఆరు రోజులుగా ముద్ద దిగడం లేదు. ఉడికించిన చిక్కుడు గింజల ‘ఫుల్’ గిన్నె నా ముందు పెట్టి మా ఆవిడ “ఎవరైనా పోయారేంటి?” అని అడిగింది. రొట్టె తుంచుతూ కూర్చున్నాను.

ఇన్సాఫ్‌కు, పిల్లలకు నా దీవెనలు.

నీవాడినని రాసుకునే అర్హత లేని
రమ్జీ తాద్రుస్

తా.క. బషందీ మాటల్లో ఒకటి పైన రాయకుండా మింగేశాను. కట్టలు తెచ్చిందెవరో గుర్తుందా అని అడిగితే నవ్వాడు. “అదేంటి ఉస్తాజ్, మీరే కదండీ! మర్చిపోయారా?” అన్నాడు. మర్చిపోలేదు. అతను మర్చిపోయి ఉంటాడని ఆశపడ్డాను. వినతిపత్రం చేర్చిందీ నేనే. చర్చి బడిలో నా ఉద్యోగం తీసేస్తామని కార్యాలయం వాళ్లు బెదిరిస్తే ఇచ్చేశాను. ఆ సంగతి నీకు తెలిసిపోయిందనీ, మార్చి సంచికలో నా పేరు బయటపెట్టావనీ అనుకుని, ఒక్క పేజీ తిప్పి చూడకుండా కట్టలు మోసుకెళ్లాను. తప్పు వాక్యం నేను అల్లిన కథ.

చరిత్రలో నీ అలక గురించిన వాక్యం కొట్టేసి, జరిగిందంతా నా పేరుతో రాసి ఈ పొద్దున ప్రెస్సుకిచ్చాను. ఈ ఉత్తరం నీకు చేరేసరికి అది అచ్చయిపోతుంది. కావాలనే ఆలస్యంగా రాశాను. ముందే చెబితే మళ్లీ నీ మీదే వేసుకుంటావు.