బిజిలీకి ఆకుపచ్చ జెండా చూపరాదు

కీ.శే. సింహాచలం కుమారుణ్ణి, రిటైర్డ్ రైల్వే గూడ్స్ గార్డును, ఖరగ్‌పూర్ మలంచా పేట నివాసిని, డెబ్బై ఆరేళ్ళ బోని అప్పలకొండ అనే నేను చెప్పి రాయించిన వీలునామా ఇది. నడుము పడిపోయి ఏడాదిగా మంచం మీదున్నాను గానీ బుద్ధి పడిపోలేదు. ఎవరి బలవంతమూ లేదు. ఇదివరకు రాసినవి చెల్లవు.

1. ఇల్లు కొడుకు విఘ్నేశ్వర్‌కు, కూతురు వాసంతికి చెరిసగం. ఈ వీలునామా అమలు జరిపే బాధ్యత వాసంతిది.

2. నా నిచ్చెన బావమరిది వెంకటరావు దగ్గరే ఉండనివ్వండి. ఒక్కపూటకని పట్టుకెళ్ళి తొమ్మిదేళ్ళయింది.

3. ముత్యం అనే ఆడగుర్రాన్ని ఇక్కడి పూరీ గేట్‌లో టాంగా బండి తోలడం మానేసిన ముసలాయన దగ్గర కొన్నాను. పెళ్ళి ఊరేగింపులకు తిప్పాను. నాకొచ్చిన విద్య ఒక్కటే గనక, ఆకుపచ్చ జెండా ఊపితే పరుగెత్తడం, ఎర్రది చూపితే ఆగడం నేర్పాను. టీవీ సీరియల్ కంపెనీ వాళ్ళు గుర్రం పడిపోయే సీను కావాలన్నారు. ముందుకాళ్ళకు సన్నని తీగ కట్టి, "దాదా, ఏక్ హీ టేక్", ఒక్కసారే తీస్తాం, అన్నారు. ముప్పై ఒక్క ఏళ్ళ సర్వీసులో లైన్ క్లియర్ లేకుండా ఏనాడూ జెండా ఊపనివాణ్ణి, ఆ రోజు ఊపాను. నన్ను నమ్మి పరుగెత్తింది. మళ్ళీ లేవలేదు. ఆ వీడియో ముక్క ఇప్పటికీ ఫోన్లలో తిరుగుతోంది, కింద నవ్వే బొమ్మలు పెడుతున్నారు. ఆ పాపం ఎవరికీ రాసివ్వలేను.

4. ముత్యం పిల్ల బిజిలీ వాసంతికి. విఘ్నేశ్వర్ దాన్ని అదే కంపెనీకి ఇస్తానని మాటిచ్చాడు. "ఏటి నాన్నా, గుర్రమే కదా, ఈసారి జాగ్రత్తగా సేస్తారు" అన్నాడు. ఆ మాట చెల్లదు. షూటింగుకు గానీ ఊరేగింపుకు గానీ బిజిలీని ఎవరికీ ఇవ్వరాదు. నా గార్డు దీపం వాడికిస్తున్నాను. చిన్నప్పుడు అది పక్కన లేనిదే నిద్రపోయేవాడు కాదు. వాడి మీద కోపం తీరలేదు, ప్రేమా పోలేదు.

5. ఎర్ర జెండా వాసంతికి. ఆకుపచ్చది నా చితిలో వేయండి. తల్లి వెంట పరుగెత్తుతూ బిజిలీ కూడా ఆ జెండా నేర్చుకుంది. అప్పుడు మురిసిపోయాను. తర్వాత మరిపించాలని రెండేళ్ళు పాటుపడ్డాను, నా వల్ల కాలేదు. మొన్న దండెం మీది ఆకుపచ్చ చీర గాలికి లేచింది. బిజిలీ ఉరుకుతూ వెళ్ళి కంచెకు గుద్దుకుంది. కిటికీలోంచి చూస్తూ అరిచాను, మంచం దిగలేకపోయాను.

6. వాసంతీ, ఆ చీర మీ అమ్మది. నీకే ఇస్తున్నాను. కట్టుకో. దొడ్డిలో మాత్రం ఆరేయకమ్మా.

ఖరగ్‌పూర్, 18 నవంబరు 2024
(సంతకం) బోని అప్పలకొండ

సాక్షులు:
జాన్ పాల్, ఓల్డ్ సెటిల్‌మెంట్
పరబ్రహ్మం, మలంచా