కోర్టులో నీ పేరు

బాపూ,

కౌలు హక్కు కోసం నువ్వు వేసిన కేసు ఈరోజు మళ్లీ వాయిదా పడింది. నువ్వు పోయాక ఇది మూడోది. బంట్రోతు ఇంకా నీ పేరే పిలిచాడు.

"ఏందన్నా గిట్ల పరేషాన్ చేస్తవ్? మీ బాపు పేరు కాడ నీ పేరు ఎక్కియ్యాలె. సంతకం పెట్టకుంటే కేసే కొట్టేస్తరు," అని వకీలు విసుక్కున్నాడు.

దున్నినవాడు చచ్చేదాకా తీర్పివ్వని కోర్టుకు ఇప్పుడెందుకీ తొందరని ఎప్పటిలాగే వాదించాను. బోయిన్‌పల్లిలో నువ్వు పాలకూర పండించిన మడి భూస్వామి పాలవుతుందని చివరికి సంతకం పెట్టాను.

నిజానికి అది వాదన కాదు బాపూ. ఇంటిపేరుతో సహా నిన్ను ఆ బంట్రోతులా అంత గట్టిగా పిలిచేవాళ్లు ఇంకెవరూ లేరు. వచ్చే వాయిదా నుంచి నన్నే పిలుస్తారు.